పని గంటల లెక్క

అంకగణితమున కాలమానపు లెక్కలన్న మన బాలబాలికలకు అంతగా రుచింపవు. ఐనను ఈ కోలారు బంగారు గనుల ప్రాంతమున ఆ లెక్కతో ముడిపడని ఇల్లు అరుదు. పూర్వము తాతలకు గని షిఫ్టు ఉండెను. 2001 ఫిబ్రవరి 28న గనులు మూతపడిన పిమ్మట వారి సంతతిలో పలువురు మారికుప్పము రైలులో బెంగళూరునకు పోవుచున్నారు. కొందరు కోలారు చేరువనున్న నరసాపుర కర్మాగారములకు పోవుచున్నారు. పని మారినను, జీతము గంటలపై ఆధారపడుట మారలేదు.

గంటలను కూడుటకు ముందు అవి ఎచట మొదలగునో తేల్చుకొనవలెను. ఛాంపియన్ రీఫ్ గని లోతు మూడు కిలోమీటర్లకు మించినది. షాఫ్టు నోటివద్ద కేజి ఎక్కినవాడు రాయి తొలచు చోటికి ఒక్కసారిగా చేరలేడు. ఒక షాఫ్టు దిగి, సొరంగమున నడచి, మరల ఇంకొక షాఫ్టు దిగవలసి యుండెను. ఆ ప్రయాణము పనియా, కాదా? కాదన్నచో, గని ఎంత లోతునకు పోయిన కూలివాని దినము అంత పొడవగును. బొగ్గుగనుల విషయమై 1931లో జెనీవాలో కుదిరిన అంతర్జాతీయ ఒడంబడిక దిగుటకు కేజి ఎక్కినది మొదలు పైకివచ్చి కేజి దిగువరకు గల కాలమంతయు గనిలో గడపిన కాలమే యని నిర్వచించెను. అది అమలులోనికి రాలేదు గాని, నిర్వచనము న్యాయమైనది. మన దేశమున 1952 నాటి గనుల చట్టము భూగర్భమున దినమునకు 8 గంటలు, వారమునకు 48 గంటలు హద్దుగా పెట్టి, మించిన కాలమునకు రెట్టింపు కూలి విధించెను.

ఇక లెక్కకు వత్తము. 1948 నాటి ఫ్యాక్టరీల చట్టము దినమునకు 9 గంటలు, లేదా వారమునకు 48 గంటలు దాటిన పనికి రెట్టింపు కూలి ఈయవలె ననెను. ఆ కొలతతో ఒక ఉదాహరణ. వారమునకు ఐదు దినములు పనిచేయు ఒకడు ఉదయము 8-50కి ప్రవేశించి, రాత్రి 7-05కి వెలుపలికి వచ్చెననుకొనుడు. భోజన విరామము 30 నిమిషములు. రైల్వే పట్టికలోవలె 7-05ను 19-05గా వ్రాయవలెను. 5లో నుండి 50 పోదు గనుక ఒక గంటను అప్పు తెచ్చిన 18 గంటల 65 నిమిషములగును. ఇచటనే విద్యార్థులు అలవాటుచొప్పున 60కి బదులు 100 తెచ్చుచుందురు! తీసివేయగా 10-15; విరామము పోగా 9 గంటల 45 నిమిషములు.

దీనిని 9.45 అని వ్రాసిన మోసము వచ్చును. 45ను 60తో భాగించిన 0.75, కావున అది 9.75 గంటలు. గంటకు 80 రూపాయల చొప్పున ఓవర్‌టైము రేటు 160. సరియైన లెక్కకు 120 రూపాయలు రావలెను. తప్పు లెక్కకు 72 మాత్రమే వచ్చును. దినమునకు 48 చొప్పున ఇరువది దినములకు 960 రూపాయలు నష్టము. ఒక దశాంశ బిందువు చేసిన పని ఇది.

ఇది కేవలము పాఠశాల ముచ్చట కాదు. 2020 డిసెంబరు 12న నరసాపురలోని విస్ట్రాన్ సెల్‌ఫోను కర్మాగారమున కార్మికులు తిరుగబడి ఆస్తిని ధ్వంసము చేసిరి. 8 గంటల షిఫ్టును 12 గంటలకు మార్చిన పిమ్మట హాజరు నమోదు, వేతనపు లెక్క సరిగా సాగలేదని ఫ్యాక్టరీల శాఖ విచారణలో తేలెను. కొందరికి వేతనము సరిగాను, సకాలమునను అందలేదని కంపెనీయే ఒప్పుకొనెను. ధ్వంసమును నేను మెచ్చను; కాని తన గంటలు తన చేతివ్రాతతో ఉన్నవాడు కార్యాలయమున నిలిచి అడుగగలడు. కావున ఒక చిన్న నోటుపుస్తకమున ప్రవేశించిన వేళ, విడిచిన వేళ, విరామము ఏనాటి కానాడు వ్రాసికొనుడు.

రాత్రి షిఫ్టువారికి ఒక చిక్కు కలదు. రాత్రి 10-15కి పోయి మరునాటి ఉదయము 6-30కి వచ్చినవాడు 6-30కి 24 కలిపి 30-30 చేసి, అందుండి 22-15 తీసివేయవలెను. 8-15 వచ్చును, అరగంట విరామము పోగా 7-45, అనగా 7.75 గంటలు. 20 నిమిషముల వంటివి 0.33 అని తెగక సాగును గనుక దినదినము దశాంశము చేయక, నిమిషములనే కూడుకొనివచ్చి, నెలాఖరున ఒక్కసారి 60తో భాగించుట మేలు.