కోడికి టిక్కెట్టు కొట్టారు, కుక్కకు చోటెక్కడ?

వయసు మీదపడి ఒంటరిగా ఉండేవారికి వాకిట్లో కుక్కో, పెరట్లో మేకో తోడుగా ఉండటం పల్లెల్లో కొత్త కాదు. పట్నంలో స్థిరపడిన కొడుకు తల్లిని తన దగ్గరకు వచ్చేయమన్నప్పుడే చిక్కంతా వస్తోంది. మూటాముల్లె బస్సెక్కుతాయి. పదేళ్లుగా అన్నం పెట్టి పెంచిన కుక్క మాత్రం బస్టాండు దాకా వచ్చి ఆగిపోతోంది.

2022 ఫిబ్రవరిలో గోదావరిఖని నుంచి కరీంనగర్ వచ్చే ఆర్టీసీ బస్సులో ఒక ప్రయాణికుడు గుడ్డలో చుట్టి తెచ్చిన కోడిపుంజుకు కండక్టరు రూ.30 టిక్కెట్టు కొట్టాడు. ఆ ముచ్చట రాష్ట్రమంతా పాకింది. అయితే ప్రాణులను బస్సులో ఎక్కించడమే నిబంధనలకు విరుద్ధమని డిపో అధికారులు తర్వాత స్పష్టం చేశారు. 2024 జనవరిలో కరీంనగర్‌లో ఎవరో బస్సులో మరచిపోయిన పుంజును వేలం వేయబోయారు. తీరా యజమాని బయటపడటంతో వేలం ఆగింది. అంటే బస్సు లెక్కలో అది పోయిన సామాను కిందే జమ. పొరుగున కర్ణాటక ఆర్టీసీ మాత్రం పెంపుడు జంతువులకు టిక్కెట్టు పెట్టి ఎక్కించుకుంటోంది. కుక్కకు పూర్తి టిక్కెట్టును 2022లో సగానికి తగ్గించింది కూడా.

ఇక మిగిలింది రైలు. ఫస్టుక్లాసు ఏసీలో రెండు బెర్తుల గదినో, నాలుగు బెర్తుల గదినో మొత్తంగా తీసుకున్నవారు కుక్కను వెంట ఉంచుకోవచ్చు. అది కూలీనాలీ చేసుకునేవారికి అందే మాట కాదు. స్లీపరులోను, జనరల్ పెట్టెలోను పెద్ద కుక్కను ఎక్కించనివ్వరు. గార్డు ఉండే బ్రేకువ్యానులోని కుక్కల పెట్టెలో పంపడమే వారికి దారి. అందుకు పార్సిల్ ఆఫీసులో ముందుగా బుక్ చేయాలి. పశువైద్యుడు ఇచ్చిన టీకా సర్టిఫికెట్, మెడకు పట్టీ, గొలుసు ఉండాలి. తిండి, నీళ్లు చూసుకోవలసింది యజమానే. బుక్ చేయకుండా ఎక్కించి పట్టుబడితే ఛార్జీకి ఆరు రెట్లు వసూలు చేస్తారు. చిన్న స్టేషన్లలో పార్సిల్ ఆఫీసు ఉండదు కనుక పెద్ద స్టేషనుకు ముందుగా వెళ్లి, ఆ రైలుకు కుక్కల పెట్టె ఉన్నదీ లేనిదీ విచారించుకోవడం మంచిది.

మనసుకు ఊరటనిచ్చే జంతువని డాక్టరు చీటీ రాస్తే చోటిస్తారన్న మాట అమెరికా నుంచి వచ్చింది. అక్కడ కూడా 2021 జనవరి నుంచి విమాన సంస్థలు ఆ చీటీని ఒప్పుకోవలసిన పని లేదు. చూపులేనివారికి దారి చూపడం వంటి పనుల్లో శిక్షణ పొందిన కుక్కలకే ఆ హక్కు మిగిలింది. మన రైల్లో గాని, బస్సులో గాని ఆ చీటీ చెల్లదు.

దారి దొరకలేదని కుక్కను చెరువుగట్టున వదిలి పోవడం మాత్రం తగదు. పెంచిన జంతువును ఆకలిదప్పులకు మాడేలా వదిలేయడం 1960 నాటి జంతుహింస నివారణ చట్టం ప్రకారం నేరం. మొదటి తప్పుకు జరిమానా రూ.10 నుంచి రూ.50 లోపే కావడంతో ఎవరికీ భయం లేదు.

ప్రయాణం ఖాయమైన రోజే కుక్క సంగతి కూడా తేల్చుకోవాలి. రైల్లో తీసుకెళ్లే వీలు లేకుంటే, దానికి అలవాటైన పొరుగింటివారికి అప్పగించి, తిండిఖర్చుకు నెలనెలా ఎంతో కొంత పంపవచ్చు. తల్లిని తీసుకెళ్లే కొడుకులు ఆ భారాన్ని కూడా తమదిగా ఎంచితే, అక్కడికి చేరాక ఆమెకు కుక్క మీద బెంగ కొంతైనా తగ్గుతుంది.