ముప్పావలా వడ్డీ... రెండిళ్ల ఖర్చు!

ఇల్లు కట్టి చూడు, పెళ్లి చేసి చూడు అన్నారు పెద్దలు. ఇప్పుడు దానికి మూడోది కూడా చేర్చుకోవాలి... ఇంటి అప్పు తీర్చి చూడు! నెలకు ఎంత కట్టాలో అందరికీ తెలుసు. మొత్తం మీద ఎంత కడుతున్నామో తెలిసినవాళ్లే తక్కువ. వడ్డీ లెక్కల్లో ఆరితేరిన ఆదోని, ఎమ్మిగనూరు లాంటి ఊళ్లలోనూ ఇదే పరిస్థితి.

ఆదోని పత్తి మార్కెట్ యార్డు... రాష్ట్రంలోని పెద్ద పత్తి మార్కెట్లలో ఒకటి. సీజను వచ్చిందంటే తెల్లారేసరికే పత్తి బండ్లు బారులు తీరతాయి. కుప్పలో చెయ్యిపెట్టి, ఓ పోగు లాగి చూసి, క్వింటాలు ఎంత పలుకుతుందో చెప్పేసేవాళ్లు అక్కడ అడుగడుగునా కనిపిస్తారు. వడ్డీ లెక్కా అంతే... కాగితం, కలం అక్కర్లేదు. నూటికి నెలకు ఇంత అని నోటితోనే తేల్చేస్తారు. రూపాయి వడ్డీ అంటే ఏడాదికి 12 శాతం. రెండు రూపాయలంటే 24. ఇక పావలా వడ్డీ అంటే 3 శాతమని ఇల్లాళ్లకూ తెలుసు. 2004లో మహిళా సంఘాల కోసం ప్రభుత్వం ఆ పేరుతోనే పథకం తెచ్చింది మరి!

అలాంటి ఊళ్లో బ్యాంకు మేనేజరు 'ఇంటి రుణానికి ఏడాదికి 9 శాతం' అన్నాడనుకోండి. వెంటనే లెక్క తేలిపోతుంది. నూటికి ముప్పావలా! బజారులో రెండు రూపాయలకు తెచ్చుకునేవాడికి అది చవకే. అందులో అనుమానం లేదు. ఆ సంతోషంలో అందరూ అడిగే తర్వాతి ప్రశ్న ఒకటే... 'నెలకు కంతు ఎంత పడుతుంది సార్?'

అడగాల్సిన అసలు ప్రశ్న అక్కడే మరుగున పడిపోతుంది. ఎన్నేళ్లు? మొత్తం ఎంత?

ఇరవై లక్షలు... నలభై మూడు లక్షలు

ఓ లెక్క వేసి చూద్దాం. ఆదోనిలో జిన్నింగు మిల్లులో గుమాస్తాగా పనిచేసే ఒకాయన మిద్దె కట్టుకోవడానికి 20 లక్షలు అప్పు తీసుకున్నాడనుకుందాం. వడ్డీ 9 శాతం. గడువు ఇరవై ఏళ్లు. (రేటు బ్యాంకును బట్టి, కాలాన్ని బట్టి మారుతుంటుంది. ముప్పావలా అయితే లెక్క సులువు కాబట్టి ఇక్కడ 9 శాతం తీసుకున్నాం.)

నెలనెలా కట్టాల్సిన కంతు, అదే ఈఎంఐ, 17,995 రూపాయలు. ఇరవై ఏళ్లలో 240 కంతులు. అన్నీ కలిపితే 43 లక్షల 18 వేల పైచిలుకు. తెచ్చింది 20 లక్షలు. వడ్డీ 23 లక్షల 18 వేలు. అంటే ఆయన కట్టుకున్నది ఒక ఇల్లు. డబ్బు కట్టింది రెండిళ్లకు!

ఇందులో బ్యాంకు మోసమేమీ లేదు. మిగిలిన బాకీ మీద నెలనెలా ముప్పావలా చొప్పున వేసుకుంటూ పోతే వచ్చే లెక్కే ఇది. తమాషా అంతా ఆ కంతు లోపల ఉంది.

పడుగూ పేకా

ఆదోనికి దగ్గర్లోనే ఎమ్మిగనూరు. 1938లో మాచాని సోమప్ప నేతగాళ్లను కూడగట్టి సహకార సంఘం నెలకొల్పిన ఊరు. మగ్గం దగ్గర కూర్చున్నవాళ్లకు ఈఎంఐ సంగతి తేలిగ్గా అర్థమవుతుంది. బట్టలో పడుగూ పేకా కలిసిపోయినట్టే కంతులో అసలూ వడ్డీ కలిసిపోతాయి. పైకి కనిపించేది ఒకే గుడ్డ. దారాలు విడదీసి చూస్తేనే ఏది ఎంతో తెలుస్తుంది.

పై లెక్కలో మొదటి నెల కంతు 17,995. అందులో 15,000 వడ్డీకే పోతుంది. అసలులో తగ్గేది 2,995 మాత్రమే! రెండో నెల వడ్డీ ఇరవై రెండు రూపాయలు తగ్గుతుంది... అంతే. ఇలా నత్తనడకన సాగుతుంది వ్యవహారం.

అయిదేళ్లు గడిచేసరికి ఆయన కట్టింది దాదాపు 10 లక్షల 80 వేలు. 'సగం తీరిపోయి ఉంటుందిలే' అనుకుంటూ బ్యాంకుకు వెళితే బాకీ ఇంకా 17 లక్షల 74 వేలు! కట్టినదాంట్లో 8 లక్షల 54 వేలు వడ్డీకే సరి. పదేళ్లకు, అంటే గడువులో సగం అయ్యేసరికి, 21 లక్షల 59 వేలు కట్టి ఉంటాడు. అయినా 14 లక్షల 20 వేలు బాకీయే. తెచ్చిన అప్పులో సగం తీరడానికి పధ్నాలుగేళ్లు పడుతుంది. అప్పు తీసుకున్నప్పుడు ఒకటో తరగతిలో చేరిన పిల్లాడు డిగ్రీలోకి వచ్చేస్తాడన్నమాట!

షావుకారు దగ్గర అప్పు చేసినప్పుడు ఈ భ్రమ ఉండదు. నెలనెలా వడ్డీ కడతాం, అసలు అలాగే ఉందని తెలుసు. కంతు మాత్రం అప్పు తీరుతోందన్న ధైర్యాన్నిస్తుంది. మొదటి ఏళ్లలో ఆ ధైర్యం లెక్కకు మించి ఉంటుంది.

గడువే అసలు ధర

'నెలకు అంత కట్టలేమండీ...' అంటే 'గడువు పెంచుకోండి' అనే సలహా సిద్ధంగా ఉంటుంది. అదే 20 లక్షలకు ముప్పై ఏళ్లు పెట్టుకుంటే కంతు 16,092కు దిగుతుంది. నెలకు 1,900 ఆదా! కానీ మొత్తం వడ్డీ 37 లక్షల 93 వేలకు చేరుతుంది. నెలనెలా మిగిలిన ఆ 1,900 కోసం అదనంగా సమర్పించుకునేది 14 లక్షల 74 వేలు.

అదే పదిహేనేళ్లకు తీసుకుంటే? కంతు 20,285. నెలకు 2,290 ఎక్కువ. వడ్డీ మాత్రం 16 లక్షల 51 వేలు. అంటే 6 లక్షల 67 వేలు మిగిలినట్టే.

వడ్డీ రేటూ తక్కువదేం కాదు. జీతపు చీటీ, ఆదాయపు పన్ను రిటర్నులు చూపించగలిగేవాళ్లకు బ్యాంకులు తలుపులు తీస్తాయి. మగ్గం మీద బతికేవాళ్లకు, మార్కెట్లో కమీషను మీద నడిచేవాళ్లకు, చిన్న దుకాణదారులకు ఆ కాగితాలు ఉండవు. వాళ్లకు రుణమిచ్చే ఫైనాన్స్ సంస్థల్లో రేటు సాధారణంగా ఎక్కువ. ముప్పావలా కాస్తా రూపాయి అయిందనుకోండి, అంటే 12 శాతం... అదే 20 లక్షలకు, అదే ఇరవై ఏళ్లకు కంతు 22,022 అవుతుంది. మొత్తం 52 లక్షల 85 వేలు. పావలా తేడా ఖరీదు దాదాపు 9 లక్షల 67 వేలు! చేతిలో రిటర్నులు లేని కుటుంబం రెండేళ్లు ఆగి, అవి సిద్ధం చేసుకుని బ్యాంకుకు వెళ్లడం దండగ కాదని ఈ లెక్క చెబుతోంది.

కదిలే వడ్డీ

ఇంటి రుణాల్లో చాలావరకు వడ్డీ స్థిరంగా ఉండదు. రిజర్వుబ్యాంకు రెపో రేటుతో పాటు అదీ మారుతుంది. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే చరవడ్డీ గృహరుణాలను రెపో లాంటి బయటి కొలబద్దకే ముడిపెట్టాలి. 2022 మే నెల మొదట్లో 4 శాతంగా ఉన్న రెపో 2023 ఫిబ్రవరికల్లా 6.5 శాతానికి చేరింది. పది నెలల్లో రెండున్నర శాతం! 2025లో మళ్లీ తగ్గుముఖం పట్టింది.

రేటు పెరిగినప్పుడు కంతు పెంచితే జనం గగ్గోలు పెడతారు. అందుకని కంతును కదపకుండా గడువును సాగదీసిన సందర్భాలెన్నో. 7 శాతానికి 20 లక్షలు ఇరవై ఏళ్లకు తీసుకుంటే కంతు 15,506. రేటు 9.5 శాతమైతే ఆ 20 లక్షల మీద ఒక్క నెల వడ్డీయే 15,833! అంటే కంతు వడ్డీకి కూడా చాలదు. ఇక అసలు తీరేదెన్నడు?

ఈ ఇబ్బంది చూసే రిజర్వుబ్యాంకు 2023 ఆగస్టులో కొత్త నిబంధనలు తెచ్చింది. రేటు మారినప్పుడు కంతు పెంచుకోవాలా, గడువు పొడిగించుకోవాలా, కొంత అది కొంత ఇది చేయాలా అన్నది రుణం తీసుకున్నవాళ్లకే వదిలేయాలి. ఇప్పటిదాకా అసలుకు ఎంత జమైంది, వడ్డీకి ఎంత పోయింది, ఇంకా ఎన్ని కంతులున్నాయి... ఈ వివరాలన్నీ మూడు నెలలకోసారి ఇవ్వాలి. ఆ కాగితాన్ని బీరువాలో పడేయకుండా చదవాలి. ముఖ్యంగా 'ఇంకా ఎన్ని కంతులు' అన్న గడి. నిరుడు 190 ఉండి ఈ ఏడు 200 అయిందంటే గడువు సాగుతోందన్నమాటే.

కనపడని ఖర్చులు

కంతులతోనే అయిపోదు. ప్రాసెసింగ్ ఫీజు, లాయరు అభిప్రాయానికి, ఇంజినీరు విలువ కట్టినందుకు ఫీజులు, ఇంటి పత్రాలు తనఖా పెట్టినందుకు స్టాంపు ఖర్చులు... చాలాచోట్ల వీటితోపాటు బీమా పాలసీ కూడా వస్తుంది. బీమా మంచిదే. ఇంటి పెద్దకు ఏదైనా అయితే మిగతావాళ్లు వీధిన పడకుండా కాపాడుతుంది. కానీ ప్రీమియాన్ని అప్పులోనే కలిపేస్తే దానికీ ఇరవై ఏళ్ల వడ్డీ పడుతుంది. 60,000 ప్రీమియం కాస్తా చివరికి దాదాపు 1,30,000 అవుతుంది. విడిగా తీసుకుంటే ఎంతో కనుక్కుని నిర్ణయించుకోవాలి.

2024 అక్టోబరు నుంచి కొత్త రుణాలకు ముఖ్య వివరాల పత్రం ఇవ్వడం తప్పనిసరైంది. ఫీజులన్నీ కలుపుకొని అసలు ఏడాదికి ఎంత శాతం పడుతోందో అందులో ఉంటుంది. రెండు సంస్థలను పోల్చాలంటే గోడమీద రాసిన రేటును కాదు, ఆ అంకెను చూడాలి.

సీజను డబ్బు సద్వినియోగం

అయితే అప్పు చేసి ఇల్లు కట్టడం తప్పా? కాదు. నెలనెలా అద్దె మిగులుతుంది. జీతాలూ ధరలూ పెరిగేకొద్దీ ఇవాళ బరువనిపించే 18 వేలు పదిహేనేళ్ల తర్వాత అంత బరువనిపించకపోవచ్చు. పాత పన్ను విధానంలో ఉన్నవాళ్లకు సొంతింటి రుణం వడ్డీ మీద ఏడాదికి 2 లక్షల దాకా మినహాయింపూ ఉంది. కావాల్సింది భయం కాదు, జాగ్రత్త.

ఆదోని ప్రాంతంలో చాలా కుటుంబాల సంపాదన నెలజీతంలా రాదు. పత్తి అమ్మినప్పుడు, వేరుశనగ చేతికొచ్చినప్పుడు, పెళ్లిళ్ల రోజుల్లో చీరలు అమ్ముడైనప్పుడు నాలుగు డబ్బులు కనిపిస్తాయి. ఆ రోజుల్లో ఏడాదికి ఒక్క కంతు అదనంగా కడితే చాలు... ఇరవై ఏళ్ల అప్పు పదహారున్నరేళ్లకే తీరిపోతుంది. దాదాపు 4 లక్షల 60 వేల వడ్డీ మిగులుతుంది. వ్యక్తులు తీసుకున్న చరవడ్డీ గృహరుణాలను ముందుగా తీర్చినందుకు జరిమానా వేయకూడదని 2012లోనే రిజర్వుబ్యాంకు బ్యాంకులకు చెప్పింది.

ఎప్పుడు కట్టామన్నదీ ముఖ్యమే. మొదటి ఏడాది చివర లక్ష రూపాయలు అదనంగా కడితే దాదాపు 4 లక్షల వడ్డీ తగ్గుతుంది. అదే లక్ష పదిహేనో ఏట కడితే తగ్గేది యాభై వేల పైచిలుకే. విత్తనం అదునులో వేయాలన్న సంగతి రైతులకు చెప్పాలా!

ఇక మూడు నెలలకు మించి కంతులు ఆగిపోతే కథ మారుతుంది. రుణం మొండిబాకీ కింద చేరుతుంది. 2002 నాటి సర్ఫేసీ చట్టం ప్రకారం అరవై రోజుల నోటీసు ఇచ్చి, కోర్టుకు వెళ్లకుండానే ఇంటిని స్వాధీనం చేసుకునే చర్యలు మొదలుపెట్టవచ్చు. అందుకే వానల్లేని ఏడు కూడా గట్టెక్కేలా కనీసం ఆరు కంతుల డబ్బు పక్కన పెట్టుకోవడం మంచిది. ఇబ్బంది ముంచుకొస్తోందని తెలిసినప్పుడే, నోటీసు వచ్చేదాకా ఆగకుండా, బ్యాంకుకు వెళ్లి మాట్లాడుకోవాలి.

సంతకం పెట్టే ముందు...

* చివరి కంతు ఏ నెల, ఏ సంవత్సరం? అప్పటికి ఇంటి పెద్ద వయసెంత?
* మొత్తం కట్టేది ఎంత? అందులో వడ్డీ ఎంత?
* ఫీజులు, బీమా కలిపితే ఏడాదికి పడే శాతం ఎంత?
* రేటు 2 శాతం పెరిగితే కంతు ఎంత? ఆ కంతు మన వల్ల అవుతుందా?
* అదనంగా కట్టినప్పుడు గడువు తగ్గిస్తారా, కంతు తగ్గిస్తారా? (గడువు తగ్గించమని రాతపూర్వకంగా అడగాలి.)
* పాతపద్ధతి రుణమైతే రెపోకు మార్చుకోవడానికి ఎంత ఖర్చవుతుంది?
* బాకీ తీరాక పత్రాలు ఎన్ని రోజుల్లో ఇస్తారు? (2023 డిసెంబరు నుంచి 30 రోజుల్లో ఇవ్వాలి. బ్యాంకు తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయలు పరిహారం. ఈసీలో తనఖా తొలగిందో లేదో కూడా చూసుకోవాలి.)

గృహప్రవేశం నాడు గుమ్మానికి మామిడి తోరణాలు కడతాం. బంధువులను పిలిచి భోజనాలు పెడతాం. కానీ ఆ రోజుకు ఇంటి పత్రాలు ఇంకా బ్యాంకు లాకర్లోనే ఉంటాయి. అవి చేతికొచ్చిన రోజే అసలైన గృహప్రవేశం. ఆ రోజు ఎప్పుడన్నది చాలావరకు మన చేతుల్లోనే ఉంది... సంతకం పెట్టే ముందు నెల కంతుతో పాటు చివరి కంతు గురించి కూడా అడిగితే!