8 బోల్టుకు 13 పానా ఎందుకు?

హార్డ్‌వేర్ కొట్టుకెళ్లి "13 బోల్టు ఒకటివ్వండి" అని అడిగితే, కొట్టాయన "13 పానా పట్టేదేనా? అయితే అది 8 బోల్టు" అంటాడు. ఇద్దరూ చెప్పేది ఒకే బోల్టు గురించి. 13 దాని తలకొలత, 8 దాని ఒంటికొలత.

పానా మీద 13 అని ఉంటే, బోల్టు ఆరు పలకల తలలో ఎదురెదురు పలకల మధ్య వెడల్పు 13 మిల్లీమీటర్లన్నమాట. బోల్టు పేరులోని ఎం8 దాని మర బయటి వ్యాసం. వీటికి తోడు మూడో కొలత ఉంది: పిచ్. మరలో ఒక గట్టు నుంచి పక్క గట్టుకు ఉన్న దూరమది. మామూలు ఎం8కి అది 1.25 మి.మీ. బోల్టును పది చుట్లు తిప్పితే 12.5 మి.మీ. లోపలికి దిగుతుంది.

తలకొలతను బట్టి ఒంటికొలత చెప్పేయవచ్చా? అన్నిసార్లూ కుదరదు. ఎం10 బోల్టుకు పాత జర్మన్ ప్రమాణం డిన్ ప్రకారం 17 పానా కావాలి, అంతర్జాతీయ ప్రమాణం ఐఎస్ఓ ప్రకారం 16 చాలు. జపాన్ బండ్లలో అదే ఎం10కి 14 పట్టడం మామూలే. తల పెద్దదైతే బిగింపు ఒత్తిడి ఎక్కువ చోటుకు పరుచుకుంటుంది. చిన్నదైతే ఇనుమూ కలిసొస్తుంది, ఇరుకు సందులోనూ పానా ఆడుతుంది.

అసలు ప్రమాదం పిచ్‌తోనే. ఎం10లో 1.5 పిచ్ ఉంది, సన్నమర 1.25 కూడా ఉంది. 15 మి.మీ. పొడవులో మొదటిదానికి 10 చుట్లు, రెండోదానికి 12. ఒకదాని నట్టు ఇంకోదానికి పెడితే ఒకటి రెండు చుట్లు తిరిగి బిగుసుకుంటుంది. తుప్పేమో అనుకుని పానాతో బలవంతం చేస్తే మర పోతుంది. అల్యూమినియం ఇంజన్ బాడీలోనైతే ఇంకా తొందరగా పోతుంది. అందుకే మొదటి చుట్లు ఎప్పుడూ వేళ్లతోనే తిప్పాలి. అనుమానమొస్తే రెండు బోల్టులను పక్కపక్కన ఆనించి వెలుతురుకెదురుగా పట్టుకోండి. పిచ్ ఒకటే అయితే గట్లు గాళ్లలో కూర్చుని సందు కనిపించదు. వేరైతే సందుల్లోంచి వెలుగు తొంగిచూస్తుంది.

ఒకప్పుడు ఏ వర్క్‌షాపు మర దానిదే. 1841లో జోసెఫ్ విట్‌వర్త్ ఇంగ్లండ్‌లోని పలు వర్క్‌షాపుల బోల్టులు సేకరించి, పోల్చి చూసి, మరకోణం, అంటే గట్టు రెండు వాలుల మధ్య కోణం, 55 డిగ్రీలుండాలని ప్రతిపాదించాడు. 1864లో ఫిలడెల్ఫియాలో విలియం సెల్లర్స్, తయారీకి సులువని 60 డిగ్రీలు ఎంచాడు. 1898లో జూరిచ్‌లో కుదిరిన మెట్రిక్ మరకూ 60 డిగ్రీలే తీసుకున్నారు. నేటి ఐఎస్ఓ మెట్రిక్ మరదీ అదే కోణం. అందుకే ఒక దేశంలో చేసిన ఎం8 నట్టు, పిచ్ కలిస్తే చాలు, మరో దేశపు బోల్టుకు ఇట్టే ఎక్కుతుంది.

విట్‌వర్త్ 55 డిగ్రీలు మాత్రం కనుమరుగు కాలేదు. మన ఇళ్లలోని నీళ్ల కుళాయిల మర నేటికీ ఆ కోణంలోనే ఉంది. ఈసారి ప్లంబరు టేపు చుట్టే ముందు ఆ అరంగుళం కుళాయి మరను స్కేలుతో కొలిచి చూడండి. అరంగుళమంటే 12.7 మి.మీ. రావాలి కదా, దాదాపు 21 వస్తుంది! ఎందుకంటే ఆ అరంగుళం, పాతకాలపు ఇనప పైపు లోపలి బోలుకు పెట్టిన పేరు. మర ఆ పైపు బయటి ఒంటి మీద ఉంటుంది.