ఫోనులో యాపు దిగకున్నచో ఏమి చేయవలెను?

మగ్గమునకు సంబంధించిన పనులలో నేడు కొంత భాగము చేతిలోని ఫోను మీదుగా జరుగుచున్నది. కూలి డబ్బు ఖాతాలో పడినదో లేదో చూచుకొనుట, నూలుకు రంగుకు సొమ్ము చెల్లించుట, ఆధారు మొదలగు కాగితముల నకళ్ళు భద్రపరచుకొనుట, మగ్గము మీది నుండి దించిన చీర ఫొటోను దూరపు వర్తకునికి పంపుట - ఇవన్నియు యాపుల మూలముననే సాగుచున్నవి. డిజిలాకరు 2015లోను, భీమ్ యాపు 2016 డిసెంబరు 30వ తేదీన వచ్చినవి. జాతీయ చేనేత అభివృద్ధి సంస్థ సయితము నూలు ఇండెంట్ల కొరకు ఈ-ధాగా అను యాపును వెలువరించినది. కావున యాపు దించుకొనుట ఇప్పుడు పిల్లల ఆటపాటల సంగతి కాదు. మన జీవనోపాధి సంగతి.

ఇట్లుండగా, యాపు దిగుటలేదని ఫోను చేతబట్టుకొని సంఘ కార్యాలయమునకు వచ్చు సభ్యులు చాలమంది. యాపు దిగని చిక్కు నిజమునకు చిన్నదే. కాని ఆ చిక్కు తీర్చెదనని ముందుకు వచ్చిన ప్రతివాని చేతికి ఫోను ఇచ్చుటలోని ప్రమాదము చిన్నది కాదు. ఆరు వారములు కూర్చుండి నేసిన కూలి ఆరు నిమిషములలో పోవచ్చును. అందుచేత ఇంటింట ఎవరికి వారు ఈ చిక్కులను విప్పుకొనగలుగుటకై ఈ వ్యాసము వ్రాయబడినది. ఇందు చెప్పినది ఆండ్రాయిడు ఫోనులను గురించి. మన కుటుంబములలో నున్నవి చాలవరకు అవియే.

నేయునప్పుడు పోగు తెగినచో మనము మగ్గము నంతటిని ఊడదీయము. తెగిన చోటెక్కడనో చూచి అక్కడ ముడివేయుదుము. ఫోను విషయమునను అదే పద్ధతి. తేలికైన దానితో మొదలుపెట్టి ఒక్కొక్కటే చూచుకొనుచు పోవలెను. ఒక్కసారిగా నాలుగు మార్పులు చేసినచో చిక్కు దేనివలన విడినదో తెలియదు, మరల వచ్చినపుడు మరల తికమకయే.

1. ముందు అక్షరములు చదువుడు

యాపు దిగనప్పుడు ఫోను ఊరకుండదు. తెరమీద ఏదో ఒక మాట చూపును. దానిని చదువకుండ నొక్కివేయుట మనవారి అలవాటు. 'పెండింగ్' అని యున్నచో వరుసలో వేచియున్నదని అర్థము. చోటు చాలదని యుండవచ్చును. మీ పరికరమునకు సరిపోదని యుండవచ్చును. ఒక్కొక్క మాటకు ఒక్కొక్క మందు.

షోలాపూరులో ఫోను మరాఠీలోను, సేలములో తమిళములోను, బరంపురములో ఇంగ్లీషులోను మాటలు చూపుచుండును. ఇంట పెద్దవారికి తెలుగు చదువవచ్చును. పిల్లలకు ఆ రాష్ట్రపు భాష వచ్చును. ఫోను ఎవరు వాడుదురో వారు చదువగల భాషలో దానిని ఉంచుట మేలు. సెట్టింగ్స్ లోని సిస్టమ్ అను శీర్షిక క్రింద భాషల పట్టిక యుండును. కొన్ని ఫోనులలో ఇది వేరొక చోట నుండును. అందు తెలుగును చేర్చి పైకి జరిపినచో ఫోను తెలుగులో మాటలాడును.

2. నెట్టు ఉన్నదా?

ఆ నాటి డేటా అయిపోయినదేమో చూడుడు. చాల ప్యాకులలో రోజుకింత అని పరిమితి యుండును. అది దాటిన పిదప నెట్టు నత్తనడక నడచును. అర్ధరాత్రి దాటిన తరువాత క్రొత్త దినపు డేటా వచ్చును గనుక తెల్లవారుజామున ప్రయత్నించుట సుళువు. నెట్టు ఉండియు కదలకున్నచో విమానము బొమ్మగల మీటను నొక్కి, పది లెక్కబెట్టి, తిరిగి తీసివేయుడు.

వైఫై ఉన్నపుడే దింపుమను నియమము ప్లేస్టోరులో పెట్టియున్నచో, మొబైలు డేటా ఎంత ఉన్నను యాపు దిగదు. ప్లేస్టోరులో కుడివైపు పైభాగమున నున్న గుండ్రని గుర్తును నొక్కి, సెట్టింగ్స్, నెట్‌వర్క్ ప్రిఫరెన్సెస్ అను వానిలోనికి పోయి, ఏ నెట్టు మీదనైనను దింపవచ్చునని మార్చుకొనవలెను. ఇంట వైఫై లేని మన కుటుంబములకు ఇది ముఖ్యము.

3. వరుసలో ఎవరున్నారు?

'పెండింగ్' అని ఎంతసేపటికిని కదలకుండుటకు ఒక కారణమేమనగా, అప్పటికే పది పాత యాపులు తమ్ము తాము క్రొత్తవిగా మార్చుకొనుచుండును. అదే గుండ్రని గుర్తు క్రింద 'మేనేజ్ యాప్స్ అండ్ డివైస్' అనునది కలదు. అందు నడచుచున్న వానిని ఆపి, కావలసిన దానిని ముందు దింపుకొనుడు.

4. చోటు ఉన్నదా?

ఇది మనవారికి మిక్కిలి తరచుగా వచ్చు చిక్కు. చీరల ఫొటోలు, డిజైనుల ఫొటోలు, ఉదయము లేచినది మొదలు వచ్చు శుభోదయపు బొమ్మలు, పెండ్లి వీడియోలు కలిసి ఫోనును నింపివేయును. యాపు చిన్నదిగా కనిపించినను, దిగునపుడు విప్పుకొనుటకు అంతకు మించిన చోటు కావలెను. ఒక జీబీ అయినను ఖాళీగా ఉంచుట మంచిది.

వాట్సాపులో సెట్టింగ్స్, 'స్టోరేజ్ అండ్ డేటా', 'మేనేజ్ స్టోరేజ్' అను వానిలోనికి పోయినచో పెద్ద వీడియోలు పైవరుసలో కనబడును. అక్కరలేనివి తుడిచివేయుడు. ఫొటోల యాపులో తుడిచినవి వెంటనే పోవు. చెత్తబుట్టలో 30 గాని 60 గాని దినములు నిలిచి చోటు ఆక్రమించుచునే యుండవచ్చును. ఆ బుట్టను కూడ ఖాళీ చేయవలెను. అయితే డిజైను ఫొటోలను ముందుగా కంప్యూటరునకో మెమరీ కార్డునకో ఎక్కించి, అవి తెరచుకొనుచున్నవో లేవో చూచుకొనిన పిమ్మటనే తుడువుడు. తాతల నాటి అంచు నమూనా ఫొటో ఒకసారి పోయినచో ఏ దుకాణములోను దొరకదు.

5. తేదీ, ఆపివేయుట, క్యాష్ తుడుచుట

ఫోనులో తేదీ గాని గంట గాని తప్పుగా నున్నచో ప్లేస్టోరు పని చేయదు. బ్యాటరీ పూర్తిగా అయిపోయి లేచిన పాత ఫోనులలో ఇట్లగును. తేదీ, సమయము తమంతట తామే సరిపడునట్లు 'ఆటోమేటిక్' అని పెట్టవలెను.

తరువాత ఫోనును ఒకసారి ఆపి వేయుడు. ఇది నవ్వులాటగా తోచును గాని, సగము చిక్కులు దీనితోనే పోవును.

అప్పటికిని దిగకున్నచో సెట్టింగ్స్, యాప్స్, గూగుల్ ప్లేస్టోరు, స్టోరేజ్ - ఈ వరుసన పోయి 'క్లియర్ క్యాష్' నొక్కుడు. దానితో కుదరకున్నచో 'క్లియర్ డేటా' అనునది నొక్కవచ్చును. ప్లేస్టోరు విషయములో దీనివలన మీ యాపులేవియు పోవు. కాని ఒక హెచ్చరిక: ఈ రెండవ మీటను వాట్సాపునకు గాని బ్యాంకు యాపునకు గాని నొక్కరాదు. నొక్కినచో వాట్సాపు మాటలు ఫోనునుండి తుడిచిపెట్టుకొనిపోవును. బ్యాంకు యాపులో మరల మొదటినుండి నమోదు కావలసివచ్చును.

6. ఫోను మీది, ఖాతా ఎవరిది?

ఇది శ్రద్ధగా చదువదగిన భాగము. ప్లేస్టోరు పనిచేయుటకు గూగుల్ ఖాతా ఒకటి కావలెను. ఫోను కొన్న దినమున మనకు ఆ ఖాతా లేకపోవుటచే, దుకాణములోని కుర్రవాడు తన ఖాతాతోనో, అప్పటికప్పుడు సృష్టించిన ఒక ఖాతాతోనో ఫోను నడిపించి ఇచ్చును. ఆ సంకేతపదము మనకు తెలియదు. కొన్నాళ్ళకు అతనికిని జ్ఞాపకముండదు. ఒకనాడు ప్లేస్టోరు సంకేతపదము అడుగును. అక్కడ యాపు నిలిచిపోవును.

యాపు దిగకపోవుట ఇందలి చిన్న నష్టము. ఆ ఖాతా తాళము ఎవరి యొద్ద నున్నదో వారికి మీ ఫొటోలు, మీరు దాచుకొన్న నంబర్లు కనబడు అవకాశము కలదు. ఫోను ఎక్కడున్నదో చూచుటకు, దూరమునుండి దానిని తుడిచివేయుటకు కూడ వీలగును. ఇంటి తాళము పరాయివాని జేబులో ఉంచుకొని నిద్రించినట్లే గదా!

కనుక ప్లేస్టోరులో గుండ్రని గుర్తును నొక్కి పైన కనబడు పేరును చూడుడు. అది మీది కానిచో 'యాడ్ అనదర్ అకౌంట్' అను దానిచే మీ పేర, మీ నంబరుతో ఖాతా తెరచి, దాని క్రిందకు మారి యాపు దింపుకొనుడు. సంకేతపదమును ఇంటి లెక్కల పుస్తకములో వ్రాసి భద్రముగా నుంచుడు. పాత ఖాతాను తీసివేయుటకు ముందు నంబర్లను, ఫొటోలను మీ ఖాతాలోనికి మార్చుకొనవలెను. లేనిచో ఆ ఖాతాతోపాటు వర్తకుల నంబర్లన్నియు ఫోనునుండి పోవును. తొందరపడి ఫోను మొత్తమును 'రీసెట్' చేయవలదు. చేసినచో మరల తెరచునప్పుడు ఆ పాత ఖాతానే ఫోను అడుగవచ్చును, అప్పుడు అసలే తెరచుకొనకపోవచ్చును.

7. ఫోను పాతబడినప్పుడు

'మీ పరికరమునకు సరిపోదు' అని చూపినచో మీ తప్పేమియు లేదు. సెట్టింగ్స్ లో 'అబౌట్ ఫోన్' నందు ఆండ్రాయిడు సంఖ్య యుండును. పాత సంఖ్యలకు సంస్థలు క్రమముగా సహాయము ఆపివేయుచుండును. 2023లో ఆండ్రాయిడు 4.4కు గూగుల్ ప్లే సేవలు నిలిపివేయబడినవి. 'సిస్టమ్ అప్‌డేట్' ఉన్నచో చేసికొనుడు. లేనిచో, అదే సేవ వెబ్‌సైటులో దొరకునేమో చూడుడు. ఉదాహరణకు డిజిలాకరు క్రోమ్ ద్వారాను తెరచుకొనును. అంతే గాని, సరిపోని యాపును ఇతర మార్గములలో తెచ్చి ఎక్కింపరాదు.

8. దిగినది గాని పనిచేయదు

సొమ్ము చెల్లింపు యాపులు దిగిన తరువాత, బ్యాంకులో ఇచ్చిన నంబరు గల సిమ్ము అదే ఫోనులో ఉన్నదా యని పరీక్షించుటకు మీ ఫోనునుండి ఒక సందేశము పంపించును. సిమ్ము కొడుకు ఫోనులో నున్నను, రీఛార్జి అయిపోయి సందేశము పోకున్నను, రెండు సిమ్ములలో తప్పుడు దానిని ఎన్నుకొన్నను పని జరుగదు. ఇది యాపు లోపము కాదు. ఒక ఊరినుండి మరియొక ఊరికి తరలి నంబరు మార్చుకొన్న కుటుంబములు ముందుగా బ్యాంకులో క్రొత్త నంబరు వ్రాయించుకొనవలెను.

9. వాట్సాపులో వచ్చు యాపు యాపు కాదు, వల

పైన చెప్పిన చిక్కులలో తిరిగి తిరిగి విసిగినవానికి ఎవరో ఒకరు, "ప్లేస్టోరు ఎందుకన్నా, నేను ఫైలు పంపుతాను, నొక్కండి చాలు" అందురు. ఆ ఫైలు పేరు చివర ఏపీకే అను మూడక్షరములుండును. పెండ్లి శుభలేఖ అని, వాహనపు జరిమానా అని, బ్యాంకు కెవైసి అని, ప్రభుత్వ పథకమని పలు పేర్లతో ఇవి వచ్చుచున్నవి. నొక్కగానే 'తెలియని చోటినుండి ఎక్కించుటకు అనుమతించెదరా' అని ఫోను అడుగును. ఆ ప్రశ్నయే మీకు కావలి. కాదని చెప్పి వెనుకకు రావలెను.

అనుమతించినచో ఏమగును? ఆ యాపు మీ సందేశములు చదువుటకు అనుమతి కోరును. బ్యాంకు పంపు ఓటీపీ మీకంటె ముందు దొంగకు చేరును. ఖాతా ఖాళీయగువరకు మీకు తెలియదు. తెర పంచుకొను యాపు దింపుమని ఫోనులో చెప్పువారును ఈ కోవవారే. ప్లేస్టోరులోనైనను యాపు పేరు క్రింద ఏ సంస్థ తయారుచేసినదో చదివి, సంశయమున్నచో దింపకుండుట మంచిది. ఒక సూత్రము జ్ఞాపకముంచుకొనుడు: యూపీఐ పిన్ను మనము సొమ్ము ఇచ్చుటకే గాని పుచ్చుకొనుటకు అక్కరలేదు. సొమ్ము వచ్చునని చెప్పి పిన్ను కొట్టుమన్నవాడు దొంగ.

పొరపాటున ఎక్కించినచో సిగ్గుపడి దాచవలదు. వెంటనే ఫోనులో నెట్టు ఆపుడు. వేరొక ఫోనునుండి, పాసుపుస్తకము మీద గాని ఏటీఎం కార్డు వెనుక గాని ఉన్న నంబరునకు పిలిచి ఖాతాను నిలుపుదల చేయించుడు. 1930 అను నంబరునకు ఫిర్యాదు చేయుడు. అది దేశమంతటికిని ఒక్కటే. భివండీలో నున్నను యానాములో నున్నను అదే నంబరు. ఎంత త్వరగా చెప్పిన అంతగా సొమ్ము నిలుపబడు అవకాశము కలదు. ఫిర్యాదు సంఖ్యను వ్రాసికొని, ఆ చెడ్డ యాపును పిదప తీసివేయించుడు.

సంఘములు చేయదగిన పని

నూలు పంపిణీ దినమున సభ్యులందరును కార్యాలయమునకు ఎటులను వత్తురు. ఆ దినమున చదువుకొన్న మన పిల్లలలో ఒకరిని ఒక గంటసేపు కూర్చుండబెట్టినచో ఎందరికో మేలగును. నియమములు రెండే: ఫోను యజమాని చేతిలోనే యుండవలెను, చెప్పువాడు వ్రేలితో చూపవలెను గాని తాను నొక్కరాదు, పిన్ను, ఓటీపీ, సంకేతపదములను అడుగరాదు, చెప్పరాదు. ఇంటిలో మగ్గముతోపాటు లెక్కలు కూడ చూచు మన ఆడపడుచులు ఈ గంటకు తప్పక రావలెను. కూలి డబ్బు పలు ఇండ్లలో వారి ఫోనులకే వచ్చుచున్నది.

చిక్కుపడిన చిలపను ఓర్పుతో విప్పుట మనకు పుట్టుకతో వచ్చిన విద్య. బలముగా లాగినచో తెగును; కొస దొరకించుకొని మెల్లగా విప్పినచో అంతయు వచ్చును. ఫోనును అట్లే చూచుకొనుడు. మీకు తెలిసిన దానిని ప్రక్క మగ్గమువారికి చెప్పుడు.

- కార్యదర్శి, చేనేత సహకార సంఘము