జిలాస్ చెప్పిన కొత్త వర్గం, సత్యమూర్తి అడిగిన పాత ప్రశ్న

సైదాబాద్, దిల్‌సుఖ్‌నగర్ గల్లీల్లో ఇరుకు హాస్టల్ గదుల్లో ఉండి గ్రూప్స్‌కు చదువుతున్న మన పిల్లలకు ఒక సందేహం వస్తుంటుంది. సోవియట్ యూనియన్‌లో, యుగోస్లావియాలో భూస్వామి పోయాడు, ఫ్యాక్టరీ యజమాని పోయాడు. మరి దొరలు మళ్లీ ఎక్కడి నుంచి పుట్టుకొచ్చారు? దీనికి లోపలి నుంచి జవాబు చెప్పినవాడు మిలోవాన్ జిలాస్.

1911లో మాంటెనెగ్రోలో పుట్టిన జిలాస్ నాజీ సైన్యాల మీద తుపాకీ పట్టి పోరాడాడు. టిటోకు కుడిభుజంగా ఉంటూ యుగోస్లావియా ఉపాధ్యక్షుడి దాకా ఎదిగాడు. 1953 చివర్లో పార్టీ పత్రిక 'బోర్బా'లో నాయకత్వాన్ని తప్పుపడుతూ వరుసగా వ్యాసాలు రాశాడు. 1954 జనవరిలో కేంద్ర కమిటీ నుంచి తీసేశారు, 1956లో జైల్లో పెట్టారు. ఆయన లోపల ఉండగానే 1957లో 'కొత్త వర్గం' పుస్తకం అమెరికాలో అచ్చయింది. దానికి శిక్ష ఇంకా పెంచారు.

ఆ పుస్తకంలోని వాదన మన ఊళ్ల భాషలో తేలిగ్గా అర్థమవుతుంది. అసైన్డ్ భూమి సంగతి తెలిసిందే కదా. పట్టా మాదిగాయన పేరు మీద ఉంటుంది, సాగు మాత్రం పెద్ద రైతుది. కాగితం ఒకరిది, పంట ఇంకొకరిది. జిలాస్ చెప్పింది ఇదే. కాగితం మీద ఫ్యాక్టరీ ప్రజలది. దాన్ని నడిపేది ఎవరు, వచ్చిన దాన్ని పంచేది ఎవరు, ఇల్లూ కారూ సరుకులూ ముందుగా అందేది ఎవరికి? అనుభవం ఎవరిదో ఆస్తి వాళ్లదే అన్నాడు. ఆ అనుభవానికి దారి పార్టీ పదవి. సోవియట్‌లో ముఖ్యమైన కొలువులన్నిటికీ పార్టీ ఆమోదించిన జాబితాలు ఉండేవి, వాటినే నొమెన్‌క్లాతురా అన్నారు. పెద్దలకు వేరే దుకాణాలు, వేరే ఆసుపత్రులు. క్యూలో నిలబడేది మామూలు జనం.

అయితే నాకు ఆ పుస్తకం కన్నా ఆయన 1954లో ఒక పత్రికలో రాసిన చిన్న రచనే ఎక్కువ పదునుగా అనిపిస్తుంది. ఒక పెద్ద సైనికాధికారి ఒక యువ నటిని పెళ్లి చేసుకుంటాడు. యుద్ధంలో పనిచేసిన నాయకుల భార్యలు ఆమెను దగ్గరికి రానివ్వరు, పలకరించరు. తమ పంక్తికి తగని మనిషిని తెచ్చారన్నట్టు చూస్తారు. సహచరుల ఇళ్ల గుట్టు బయటపెట్టాడని పార్టీ పెద్దలకు మండిపోయింది. ఎవరు ఎవరింట్లో కూర్చోవచ్చో, ఎవరిని ఎవరు చేసుకోవచ్చో తేల్చే వలయం ఏర్పడితే దాన్ని మనం ఏమంటామో వాడవాళ్లకు ఎవరూ చెప్పనక్కర్లేదు. జిలాస్‌కు మాత్రం ఆ మాట తెలియదు, ఆయన దాన్ని వర్గం అన్నాడు.

ఆ మాట తెలిసిన మనిషి మన దగ్గర ఉన్నాడు. కె.జి. సత్యమూర్తి, 'శివసాగర్' పేరుతో కవిత్వం రాసిన దళిత కమ్యూనిస్టు. 1980లో కొండపల్లి సీతారామయ్యతో కలిసి పీపుల్స్‌వార్‌ను కట్టినవాడు. ఆయన మేనకోడలు సుజాత గిడ్ల 2017లో వచ్చిన 'యాంట్స్ అమాంగ్ ఎలిఫెంట్స్'లో ఆయన బహిష్కరణ సంగతి రాశారు. పార్టీలో మంగలి కులపు కుర్రాళ్లకు గడ్డాలు గీసే పని, చాకలి వాళ్లకు బట్టలుతికే పని, అంటరాని కులాల వాళ్లకు ఊడ్చి, మరుగుదొడ్లు కడిగే పని ఇస్తున్నారని యువ సభ్యులు సత్యమూర్తికి మొరపెట్టుకున్నారు. ఆయన ఆ విషయం నాయకత్వం ముందు పెట్టాడు. పార్టీని చీల్చే కుట్ర అని ఆయన్నే బయటికి పంపారు. 1985 జూలై 17న కారంచేడులో ఆరుగురు మాదిగలు హత్యకు గురయ్యాక కత్తి పద్మారావు, బొజ్జా తారకం వంటి వాళ్లు కట్టిన దళిత మహాసభ ఉద్యమం ఊపందుకున్న దశాబ్దం అది.

రెంటినీ ఒకే గాటన కట్టలేం. జిలాస్ మాట్లాడింది రాజ్యం చేతిలో ఉన్న పార్టీ గురించి. అడవిలో తిరిగే పార్టీకి పంచుకోవడానికి బంగళాలూ లేవు, కార్లూ లేవు. అక్కడ నాయకులు కూడా చచ్చిపోయారు, ఆ త్యాగాన్ని నేను తీసిపారేయను. కానీ పని పంపకం కులాన్ని బట్టి జరగడానికి రాజ్యాధికారం అక్కర్లేదని సత్యమూర్తి అనుభవం చూపిస్తోంది. జిలాస్ లెక్క ప్రకారం కొత్త వర్గం విప్లవం గెలిచాక పుడుతుంది. ఇక్కడ మాత్రం పాతదే, విప్లవం మొదలవకముందే, చీపురు ఎవరి చేతికి ఇవ్వాలో తేల్చి కూర్చుంది.

అంబేద్కర్ ఈ సంగతి 1936లోనే 'కుల నిర్మూలన'లో సోషలిస్టులను అడిగాడు. విప్లవం తర్వాత కులం, మతం చూడకుండా తనను సమానంగా చూస్తారన్న నమ్మకం లేకపోతే మనిషి ఆస్తి సమానత్వం కోసం ఎందుకు కలిసి వస్తాడని ఆయన ప్రశ్న. పార్లమెంటరీ పార్టీలు దానికి ఎంత తాపీగా జవాబిచ్చాయో చూడండి. 1925లో పుట్టానని చెప్పుకునే సీపీఐకి మొదటి దళిత ప్రధాన కార్యదర్శిగా డి. రాజా వచ్చింది 2019లో. 1964లో ఏర్పడిన సీపీఎం పొలిట్‌బ్యూరోలోకి మొదటి దళితుడు రామచంద్ర డోమ్ అడుగుపెట్టింది 2022 ఏప్రిల్‌లో, కన్నూర్ మహాసభలో. సత్యమూర్తి చనిపోయి అప్పటికి పదేళ్లు.