లుస్త్రలో ద్యుపతి, హెర్మే: గ్రీకు పురాణకథల వెలుగులో అపొస్తలుల కార్యములు 14

అపొస్తలుల కార్యములు 14వ అధ్యాయం మన సంఘాలలో తరచుగా ప్రసంగించబడే భాగం. పుట్టుకతో కుంటివాడైన వ్యక్తి లేచి నడవడం, జనులు బర్నబాను ద్యుపతి అనీ పౌలును హెర్మే అనీ పిలవడం, పూజారి ఎడ్లను, పూదండలను తీసికొని రావడం, అపొస్తలులు వస్త్రములు చింపుకోవడం, చివరకు పౌలు రాళ్ల దెబ్బలు తినడం మనకు తెలిసినవే. ఈ భాగంపై వినిపించే అనేక ప్రసంగాలలో లుస్త్ర ప్రజలు కేవలం మూఢులుగా, నిలకడలేని వారుగా కనిపిస్తారు. వారు ఎందుకు అలా ప్రవర్తించారు? వేరే దేవతల పేర్లు కాక ఈ రెండు పేర్లే ఎందుకు పలికారు? ఈ ప్రశ్నలకు జవాబు గ్రీకు పురాణాలలో ఉన్నది. పురాణకథలు వింటూ పెరిగిన ప్రజల మధ్య పరిచర్య చేసే మనకు ఆ జవాబు చాలా అవసరం.

ఈ ఇద్దరు ఎవరు?

మన బైబిలులో ద్యుపతి అని చదివే దేవత గ్రీకు భాషలో జ్యూస్. ఒలింపస్ పర్వతముపై నివసించే దేవతలకు రాజు. ఆకాశము, ఉరుములు, వర్షము అతని వశము. గ్రీకులు "వాన కురుస్తున్నది" అనే మాటను "జ్యూస్ కురుస్తున్నాడు" అని కూడా పలికేవారు. అతనికి క్సేనియోస్ అనే బిరుదు ఉండేది; పరదేశులకును అతిథులకును రక్షకుడని దాని భావం. ఇంటికి వచ్చిన అతిథిని అవమానించినవాడు జ్యూస్‌ను అవమానించినట్లే అని వారి నమ్మకం.

హెర్మే జ్యూస్ కుమారుడు, మాయా అనే దేవకన్యకు పుట్టినవాడు. దేవతల సందేశములు మోసే దూత, ప్రయాణికులకును వర్తకులకును అండ, వాక్చాతుర్యమునకు అధిదేవత. అర్థము విప్పి చెప్పేవాడు అనే గ్రీకు మాట "హెర్మెనేయుస్" ఇతని పేరునకు దగ్గరగా వినిపిస్తుంది. ప్లేటో తన "క్రాటిలస్" సంభాషణలో ఈ రెంటినీ ముడిపెట్టాడు. సెమినరీలలో మనం చదివే హెర్మెన్యూటిక్స్ అనే పేరు ఆ గ్రీకు మాట కుటుంబానిదే. కాబట్టి ముఖ్యముగా మాటలాడిన పౌలును హెర్మే అనడం యాదృచ్ఛికం కాదు.

ఫ్రుగియ కొండలలోని కథ

రోమా కవి ఓవిడ్ క్రీ.శ. 8 ప్రాంతంలో ముగించిన "మెటమార్ఫసిస్" కావ్యం 8వ భాగంలో ఒక కథ ఉన్నది. జూపిటర్, మెర్క్యురీ (జ్యూస్, హెర్మేలకు రోమీయులు పెట్టిన పేర్లు) మానవరూపములో ఫ్రుగియ దేశమునకు వచ్చి బస కోసం వెయ్యి ఇళ్ల తలుపులు తట్టారు. అన్నీ మూసివేయబడ్డాయి. చివరకు బౌకిస్, ఫిలేమోన్ అనే వృద్ధ దంపతులు తమ పూరి గుడిసెలోనికి వారిని ఆహ్వానించి, ఉన్నదంతా వడ్డించారు. గిన్నెలో ద్రాక్షారసం తనంతట తానే నిండుతూ ఉండగా భయపడి, తమకున్న ఒకే ఒక్క బాతును కోయబోయారు. అది పారిపోయి ఆ అతిథుల దగ్గరనే దాక్కున్నది. అప్పుడు దేవతలు తామెవరో వెల్లడించి, దంపతులను కొండ మీదికి నడిపించారు. వెనుదిరిగి చూస్తే ఊరంతా నీట మునిగింది. గుడిసె మాత్రమే నిలిచి పాలరాతి స్తంభాల ఆలయమయింది. ఆ ఆలయమునకు యాజకులుగా ఉండి ఒకే గడియలో మరణించాలని వారు కోరుకున్నారు. చివరకు ఒకరు సింధూర వృక్షముగా, మరొకరు లిండెన్ వృక్షముగా పక్కపక్కనే నిలిచిపోయారు.

ఫ్రుగియ, లుకయొనియ పొరుగు ప్రాంతాలు. ఫిలేమోను పత్రిక అందుకొన్న విశ్వాసి నివసించిన కొలొస్సయి కూడా ఫ్రుగియలోనిదే. అతని పేరును ఈ కథలోని వృద్ధుని పేరును ఒక్కటే. లుస్త్ర వాసులు ఓవిడ్ లాటిన్ కావ్యాన్ని చదివారని మనం చెప్పనక్కరలేదు. ఇటువంటి కథ ఆ ప్రాంతపు ప్రజల నోట ఉండి ఉంటే వారి తొందర మనకు అర్థమవుతుంది. పూర్వము ఈ ఇద్దరూ వచ్చినప్పుడు తలుపు మూసినవారు నీట మునిగారు. ఈసారి ఆ తప్పు జరగకూడదు! పూజారి ఎడ్లతో పరుగెత్తి రావడంలో భక్తితో పాటు భయము కూడా ఉన్నదని గ్రహించగలం.

శిలాశాసనముల సాక్ష్యం

లుస్త్ర ఎక్కడ ఉన్నదో చాలాకాలం తెలియలేదు. 1885లో అమెరికా పండితుడు స్టెరెట్ నేటి టర్కీలోని హాతున్‌సరాయ్ గ్రామ సమీపంలో ఆ పట్టణపు పేరు చెక్కిన రాతిని గుర్తించాడు. కోన్యా నగరం, అనగా బైబిలులోని ఈకొనియ, అక్కడికి ఉత్తరాన ఉన్నది. 20వ శతాబ్దపు ఆరంభంలో లుస్త్ర పరిసరాలలో దొరికిన శాసనములలో ఒకటి, స్థానికులు హెర్మే విగ్రహమును నీడ గడియారముతో కూడ జ్యూస్‌కు సమర్పించినట్లు తెలుపుతున్నది. అది క్రీ.శ. 3వ శతాబ్దమునకు చెందినది. పౌలు కాలానికి తరువాతిదే అయినా, ఈ ఇద్దరు దేవతలను జంటగా కొలిచే ఆచారం ఆ నేలలో నాటుకొని ఉన్నదని అది చూపుతున్నది. లూకా వ్రాసిన వివరం స్థానిక పరిస్థితికి సరిపడుతున్నది.

వర్షము ఎవరిది?

జనులు కేకలు వేసినది లుకయొనియ భాషలో అని లూకా ప్రత్యేకంగా చెప్పాడు. ఆ భాష తెలియనందుననే కాబోలు, ఎడ్లు, పూదండలు వచ్చేవరకు అపొస్తలులు అడ్డుపడలేదు. ఆ తరువాత వారు చెప్పిన మాటలు గమనించండి. పౌలు అక్కడ ధర్మశాస్త్రమును గాని, దావీదును గాని ఎత్తలేదు. తామును అటువంటి స్వభావము గల మనుష్యులమే అన్నాడు. ఆకాశమునుండి వర్షమును, ఫలవంతమైన రుతువులను ఇచ్చినవాడు జీవము గల దేవుడని ప్రకటించాడు. వర్షము జ్యూస్ సొత్తు అని నమ్మిన రైతుల ముందు ఆ మాట ఎంత సూటిగా తగిలి ఉంటుందో ఆలోచించాలి. అయినా ఆయన జ్యూస్ పేరెత్తి తిట్టలేదు. వారి పంటలో, వారి సంతోషములో దేవుడు అప్పటికే సాక్ష్యమిచ్చాడని చెప్పాడు.

ఏథెన్సులో పౌలు మరొక అడుగు ముందుకు వేశాడు. అపొ. కా. 17:28లో ఆయన ఎత్తిచూపిన కవివాక్కు కిలికియకు చెందిన అరాటస్ క్రీ.పూ. 3వ శతాబ్దంలో వ్రాసిన "ఫైనోమెనా" పద్యకావ్యపు ప్రారంభంలో ఉన్నది. కిలికియ పౌలు స్వదేశం. ఆ కావ్యం జ్యూస్ స్తుతితో మొదలవుతుంది; మనుష్యులు అతని సంతానమని కవి భావం. జ్యూస్‌ను గూర్చి పాడిన మాటను పౌలు సృష్టికర్తకు అన్వయించాడు. లుస్త్రలో జ్యూస్‌కు అర్పించే బలిని ఆపాడు, ఏథెన్సులో జ్యూస్‌ను పాడిన కవిని గౌరవంగా పేర్కొన్నాడు. ఈ రెండూ ఒకే అపొస్తలుని పనులు. ఆరాధన విషయంలో రాజీ లేదు. మనుష్యుల వెదకులాట విషయంలో తృణీకారం లేదు.

మన బైబిలులో ఆ పేర్లు

1611 నాటి ఇంగ్లీషు అనువాదకులు ఈ దేవతలకు జూపిటర్ మొదలైన రోమా పేర్లు వాడారు. మన తెలుగు అనువాదకులు హెర్మేను ఉన్నది ఉన్నట్లు ఉంచి, జ్యూస్‌ను ద్యుపతి అన్నారు. ద్యు అనగా ఆకాశము. జ్యూస్ అనే పేరు, జూపిటర్ అనే పేరు, వేదములలోని ద్యౌః అనే మాట ఒకే మూలమునుండి వచ్చాయని భాషాశాస్త్రజ్ఞులు అంగీకరిస్తున్నారు. కనుక ఆ ఎంపిక ఎంతో ఆలోచనతో చేసినది. అపొ. కా. 28:11లో ఓడ చిహ్నమైన కవలలు కాస్టర్, పొలక్స్. వారు జ్యూస్ కుమారులు, నావికుల రక్షకులు. అక్కడ మన బైబిలు అశ్వినీ అనే మాట వాడింది. గుఱ్ఱములతో సంబంధముండి, సముద్రములో చిక్కినవారిని కాపాడే కవలలను తెలుగువారు ఆ పేరుతో వెంటనే గుర్తుపట్టగలరు. విదేశీ పురాణాన్ని మన మాటలలో అర్థం చేసికొనడం మన పితరులు వాక్యద్రోహంగా ఎంచలేదు.

మన పరిచర్యకు

ఇక్కడ ఒక ఆచరణాత్మక ప్రశ్న ఎదురవుతుంది. బాప్తిస్మము పొందే వ్యక్తి పేరులో దేవత పేరుంటే దానిని తప్పక మార్చాలని అనేకచోట్ల పట్టుబడుతున్నారు. క్రొత్త నిబంధనను చూద్దాం. రోమా 16:14లో ఒక విశ్వాసి పేరే హెర్మే. తీతు 3:12లోని అర్తెమా పేరులో అర్తెమి దేవి, ఫిలిప్పీ 2:25లోని ఎపఫ్రొదితు పేరులో అఫ్రొదితే, అపొ. కా. 17:34లోని దియొనూసి పేరులో ద్రాక్షారసపు దేవుడైన డయొనైసస్ ఉన్నారు. వీరెవరినీ పౌలు పేరు మార్చుకొమ్మనినట్లు ఎక్కడా లేదు. ఎపఫ్రొదితును ఆ పేరుతోనే పిలిచి తన సహోదరుడనీ, జతపనివాడనీ అన్నాడు.

క్రొత్త పేరు కోరుకొనే విశ్వాసిని మనం ఆపనక్కరలేదు. అయితే తల్లిదండ్రులు పెట్టిన పేరు విడిచిపెడితేనే రక్షణ నిజమైనదని చెప్పడానికి లేఖనాధారం లేదు. బడి సర్టిఫికెట్‌లో ఒక పేరు, సంఘ రిజిస్టరులో మరొక పేరు, ఇంట్లో అలిగిన తల్లి: ఈ భారం మోసేది పాస్టరు కాదు, ఆ విశ్వాసి.

అలాగే పొరుగువారి కథలను వేదిక మీద హేళన చేసేముందు, వాటిని ఒకసారి శ్రద్ధగా వినడం మంచిది. బౌకిస్, ఫిలేమోనుల కథలో అతిథిసత్కారం ఉన్నది. ఆదికాండము 18లో అబ్రాహాము గుడారమునొద్ద, హెబ్రీ 13:2లో మనం చదివేదీ అదే గుణం. తేడా కూడా స్పష్టమే. జ్యూస్ కొద్దిసేపు వేషం ధరించి, తలుపు మూసినవారిని ముంచి వెళ్లిపోయాడు. క్రీస్తు శరీరధారియై మన మధ్య నివసించి, తనకు తలుపు మూసినవారి కొరకే ప్రాణం పెట్టాడు. ఈ తేడాను మనం కోపం లేకుండా చెప్పగలిగితే వినేవారికి అది సువార్త అవుతుంది.

లుస్త్రలో రాళ్లదెబ్బలు తిన్న పౌలు అదే ఊరికి తిరిగి వెళ్లి శిష్యులను బలపరచాడు (14:21, 22). మరికొంతకాలానికి, గ్రీకు తండ్రికిని విశ్వాసురాలైన యూదురాలికిని పుట్టిన తిమోతిని తన తోడుగా తీసికొన్నది కూడా ఆ ప్రాంతమునుండే (16:1-3).