ఒక్కో సీమకు ఒక్కో బాస్ ఎందుకు? ఎలా?

2011లో రీ-లాజిక్ సంస్థ విడుదల చేసిన టెరేరియా అనే వీడియో గేమ్‌లోని ప్రపంచం అడవి, ఎడారి, మంచునేల, సముద్రం వంటి బయోమ్‌లుగా, అంటే తమవైన నేల, మొక్కలు, జీవులు గల ప్రాంతాలుగా విభజితమై ఉంటుంది. మామూలు శత్రువులకన్నా ఎంతో బలమైన ‘బాస్’లలో కొన్ని ఒకే బయోమ్‌కు కట్టుబడి ఉంటాయి.

ఆటగాడు ఏ ప్రాంతంలో ఉన్నాడో ప్రోగ్రామ్ చాలావరకు పటంపై గీసిన హద్దులను బట్టి కాక, అతని చుట్టుపక్కల ఉన్న బ్లాకులను, అంటే ప్రపంచాన్ని కూర్చిన చిన్న చతురస్రాలను, రకాలవారీగా లెక్కించి నిర్ణయిస్తుంది. అందువల్ల తగినన్ని బ్లాకులు పేర్చి కృత్రిమ బయోమ్‌ను కట్టుకోవడమూ సాధ్యమే. సముద్రాన్ని మాత్రం ప్రపంచపు అంచు నుంచి ఉన్న దూరాన్ని బట్టి గుర్తిస్తుంది.

ఇలా ఒకే బయోమ్‌కు కట్టుబడిన బాస్‌కు చక్కని ఉదాహరణ ప్లాంటెరా అనే రాక్షస మొక్క. మూడు యాంత్రిక బాస్‌లను ఓడించిన తరువాతే భూగర్భపు కారడవిలో గులాబీరంగు మొగ్గలు మొలుస్తాయి, వాటిలో ఒకదానిని పగలగొట్టగానే ప్లాంటెరా ప్రత్యక్షమై, కొక్కేలతో గోడలను పట్టుకుంటూ ఆటగాడిని తరుముతుంది. ఆటగాడు సురక్షితమైన చోటుకు జారుకుని సులువుగా గెలవకుండా, కారడవి దాటితే దాని వేగమూ దెబ్బ తీవ్రతా విపరీతంగా పెరిగే ఏర్పాటు ఉంది. కనుక తెలివైన ఆటగాళ్లు మొగ్గను తాకకముందే అక్కడే విశాలమైన పోరాట స్థలాన్ని తవ్వుకుంటారు. ప్లాంటెరా ఓడితే దొరికే తాళంచెవి అదే కారడవిలోని పురాతన ఆలయపు తలుపును తెరుస్తుంది.